గొంతు లేని సైడు

నాలుగో రోజు కూడా నా భార్య అనసూర్య నాతో నేరుగా మాట్లాడలేదు. చెప్పాల్సింది ఏదైనా ఉంటే మా అవ్వ సత్తవ్వకు చెబుతుంది. అవ్వ నాకు చెబుతుంది. ముగ్గురమూ ఒకే గదిలో మోకాళ్ళు తగిలేంత దగ్గరగా కూర్చున్నా అదే పద్ధతి.

"అత్తా, చాయ్ పొయ్యి మీదుందని చెప్పు."

"చాయ్ పొయ్యి మీదుందట కొడుకా."

"విన్న అవ్వా. నాకు చెవులున్నయి."

"చెవులుంటె ఆ క్యాసెట్టుకు గా గతి ఎందుకు పట్టిందో అడుగు అత్తా."

ఈ ముక్క మాత్రం అవ్వ నాకు చేరవేయలేదు. అడకత్తెర తీసి వక్క కత్తిరించుకుంటూ గోడవైపు తిరిగింది.

చేసింది తప్పేనని నేను మొదటి రోజే ఒప్పుకున్నాను. రెండో రోజు ఇంకోసారి ఒప్పుకున్నాను. మూడో రోజు నాకే కోపం వచ్చింది. ఒక తప్పును ఎన్నిసార్లు ఒప్పుకుంటే చెల్లుతుందో ముందే చెబితే, అన్నిసార్లూ ఒప్పుకుని దుకాణం తెరుచుకుంటాను కదా.

నా వైపు లెక్క కూడా వినాలి. శ్రీరాంపూర్ చౌరస్తాలో పదకొండేళ్ళుగా క్యాసెట్ల దుకాణం, మైక్ సెట్టు నడుపుతున్నాను. ముందు గది దుకాణం, వెనుక రెండు గదులు ఇల్లు. బొగ్గుబాయికి పోయే కార్మికులు ఏ షిఫ్టువాళ్ళు ఏ పాట అడుగుతారో కళ్ళు మూసుకుని చెబుతాను. అలాంటి నా చేతికి గొంతు లేని పాట వస్తే, అది సగం తయారైన సరుకు అనుకున్నాను. కుట్టని బట్టను ఎవరూ చొక్కా అనరు.

ఆ క్యాసెట్టు తెచ్చింది నా బామ్మర్ది దేవదాస్. దుబాయిలో నాలుగేళ్ళు ఇనుప చట్రాల పని చేసి మొన్న ఫిబ్రవరిలో వచ్చాడు. క్యాంపులో అతని పక్క మంచం మనిషి నైజీరియావాడట. వచ్చేముందు గుర్తుగా దీన్ని చేతిలో పెట్టాడట. ఒక సైడు వాళ్ళ దేశపు గాయకుడు పాడతాడు. రెండో సైడు అవే డోళ్ళు, అదే లయ, మధ్యలో జమైకా అనే దీవి పద్ధతిలో గుండె మీద గుద్దినట్టు ఒక బరువైన దరువు. మనిషి గొంతు మాత్రం ఎక్కడా ఉండదు. ఆ దేశాల్లో ముందు సంగీతం అమ్ముతారట. ఒక్క లయ మీద పదిమంది పది పాటలు పాడుకుంటారట. దేవదాస్ చెబితే నేను నవ్వాను.

అనసూర్య నవ్వలేదు. మధ్యాహ్నం రెండు నుంచి నాలుగు దాకా నేను మైక్ సెట్ల పని మీద తిరుగుతాను, దుకాణం ఆమె చూస్తుంది. ఆ రెండు గంటలూ ఆ రెండో సైడు పెట్టుకుని తన సొంత మాటలు కట్టి పాడుకుంటోందని నాకు ఈ గొడవ దాకా తెలియదు. దేవదాస్‌కు తెలుసు. అతనే కరీంనగర్‌లో క్యాసెట్లు తీసే నాగయ్యకు ఉత్తరం రాశాడు. మా అక్క పాడుతది, సంగీతం మా దగ్గరుంది, వచ్చి వినుమని. నాగయ్య ఆదివారం వస్తానన్నాడు. నచ్చితే అనసూర్య పేరు మీద క్యాసెట్టు.

ఆ ఉత్తరాలు నడుస్తుండగానే నా దగ్గర ఖాళీ క్యాసెట్లు అయిపోయాయి. చీరల ప్రదర్శనవాళ్ళు ప్రచారం రికార్డు చేసి ఇమ్మని కూర్చున్నారు. దేవదాస్ క్యాసెట్టు రెండో సైడు పెట్టి చూశాను, గొంతు లేదు. మళ్ళీ రికార్డు కాకుండా విరిచిన మూల మీద కాగితం ముక్క అతికించి, అర్ధగంట సైడంతా నా గొంతే నింపాను. మా లైన్లో అందరూ చేసే పనే. ఆటోకు మైకు కట్టి మూడు కాలనీలు తిప్పారు. "అక్కలారా, చెల్లెలారా, మీకోసమే" అని నేను అరుస్తుంటే అనసూర్య బోరింగు దగ్గర బిందె పెట్టి వింటూ నిలబడిందట. మాట మధ్యలో ఊపిరి తీసుకునే చోట, అడుగున ఆ దరువు చెరిగీ చెరగనట్టు వినిపించిందట. అప్పుడే తెలిసిపోయింది ఆమెకు.

గురువారం పొద్దున దేవదాస్ డప్పు పట్టుకొచ్చాడు. మే నెల ఎండలో గడప ముందు గడ్డి మంట పెట్టి తోలు బిగిసేలా డప్పు కాచాడు. ఆ లయ తన చేతికి వచ్చేసింది, క్యాసెట్టు లేకున్నా ఫికర్ లేదన్నాడు. అనసూర్య లోపలి గది గుమ్మంలో కూర్చుంది. ఆమె నోరు తెరిచి పాడటం నేను అప్పుడైనా వింటానేమో అనుకున్నాను. పాడలేదు. పెదవులు మాత్రం కదిలాయి. నేనున్నానని.

దేవదాస్ బాగానే మొదలుపెట్టాడు. నాలుగు వరుసలు దాటేసరికి చెయ్యి వేడెక్కింది, లయ పరుగు తీసింది. మళ్ళీ మొదలుపెట్టాడు. ఈసారి అక్క పెదవులు చూసి ఆమె ఆగిన చోట ఆగాడు, సాగిన చోట సాగాడు. మూడోసారికి డప్పు మీద చెమట పడి దరువు మెత్తబడింది.

"ఉండనీ తమ్మీ," అంది అనసూర్య. "నువ్వు నా వెంబడి వస్తున్నవు."

"రావద్దా మరి?"

"అది రాదు. అది తన తోవల తను పోతనే ఉంటది, నేనే దాని వెంబడి పోవాలె. నేను ఆగినా అది ఆగది. అందుకే నాకు భయం పోయింది. ఏ సిన్మా పాట మీద పాడినా, ముందుగాల ఒకామె పాడి పోయిన కాడ నేను ఊడుస్తున్నట్టు ఉంటుండె. దాంట్ల ఎవలు లేరు. జాగ ఉంది."

పెళ్ళయిన పద్దెనిమిదేళ్ళలో ఆమె ఒక్కసారిగా ఇన్ని మాటలు మాట్లాడటం నేను వినలేదు. అవి కూడా నాతో కాదు.

దేవదాస్ డప్పు గోడకు ఆనించాడు. దుబాయికి ఉత్తరం రాస్తే ఇరవై రోజులు. ఆదివారానికి మూడు రోజులు. "ఇగ ఏం జేద్దాం బావా," అన్నాడు. ఆ మాటలో తిట్టు లేదు. తిట్టి ఉంటేనే బాగుండేది.

అప్పుడు నేను చెప్పని మాట ఒకటి నా నాలుక మీద ఉంది. రెండు నెలల కింద ఆసిఫాబాద్ మైక్ సెట్టు లచ్చయ్య మా దుకాణానికి వచ్చాడు. దేవదాస్ ఏదో లగ్గంలో ఆ క్యాసెట్టు పెడితే విన్నాడట, కాపీ కావాలన్నాడు. బామ్మర్ది సొత్తు, అడిగి ఇవ్వాలి. అడగలేదు. లచ్చయ్య ఒక కొత్త మైకు హారను తెచ్చి బల్ల మీద పెట్టాడు, నేను క్యాసెట్టు డెక్కులో ఉన్నది ఉన్నట్టే హై స్పీడులో కాపీ కొట్టి ఇచ్చాను. వాల్యూమ్ కట్టేసి కొడతాం. ఆ వేగంలో వస్తే పిచ్చుకల కిచకిచ తప్ప ఏమీ అర్థం కాదు. పదకొండేళ్ళలో నేను కాపీ చేసిన దాంట్లో పదో వంతు కూడా విని ఉండను.

"ఒక కాడ దొరుకుతదేమో," అన్నాను. "రేపు ఆసిఫాబాద్ పోయి చూస్త."

అనసూర్య తల తిప్పింది. నాలుగు రోజుల్లో మొదటిసారి నా మొహం చూసింది.

"అక్కడికెట్ల పోయిందో అడుగు అత్తా."

అవ్వ అడగలేదు. నేను చెప్పలేదు.

శుక్రవారం మంచిర్యాలలో బస్సు మారి, బెల్లంపల్లి, రెబ్బెన దాటి ఆసిఫాబాద్‌లో దిగేసరికి పదకొండయింది. లచ్చయ్య ఇంట్లో లేడు. ఎదుర్కోళ్ళ కాడున్నడని చెప్పారు. మగపెళ్ళివారు ఊరు మొదట్లో ఆగితే ఆడపెళ్ళివారు బాజాలతో ఎదురుపోయే వేళ. చప్పుడును బట్టి వెతుక్కుంటూ పోయాను.

దూరం నుంచే ఆ దరువు తగిలింది. పోయిన ప్రాణం లేచొచ్చింది. ట్రాక్టరు ట్రాలీ మీద నాలుగు హారన్లు, రెండు డబ్బాలు, మధ్యలో లచ్చయ్య మైకు పట్టుకుని నిలబడ్డాడు. కింద నూరుమంది దాకా ఎగురుతున్నారు. తలకు పట్కాలు కట్టిన ముసలివాళ్ళూ ఉన్నారు, మరాఠీలో అరిచే పిల్లగాళ్ళూ ఉన్నారు.

"రాయమల్లన్నా, పైకి రా," అని చెయ్యిచ్చి లాగాడు. "నీ క్యాసెట్టు నన్ను బతికిచ్చింది. ఈడ తెలుగు పాట పెడితె మరాఠోళ్ళు కూసుంటరు, హిందీ పెడితె ఊళ్ళె నుంచి వచ్చిన గోండులు కూసుంటరు. ఎవల పాట ముందు పెట్టాలెనో తెల్వక లగ్గం లగ్గానికి పరేషాన్. దీనికి భాషనే లేకపాయె. మొదలు దరువొక్కటే పోతది గదా, దాంట్ల నేను పెండ్లికొడుకు మేనమామ పేరు, బావ పేరు పిలుస్త. పేరు పిలిచినోడల్లా ఎగురుడే. లయ ఆగదు, నా మాటకు అడ్డం రాదు. ఆ తర్వాత ఆమె వస్తది సూడు."

"ఆమె ఎవలు?"

"సూడు మరి."

దరువు మీద ఒక ఆడగొంతు లేచింది. కొంచెం పొడి గొంతు. సినిమా గొంతు కాదు, తీపి లేదు. లయకు వెంట్రుక వెనకగా నడుస్తోంది, తొందర లేదు. నేను వ్యాపారిగా విన్నాను. ఈ లచ్చయ్య ఎక్కడో మంచి మనిషిని పట్టి దీని మీద పాడించాడు, పండుగల లోపు ఈ గొంతుకు మంచి గిరాకీ ఉంటుంది, మనిషి ఎవరో తెలుసుకోవాలి అనుకున్నాను.

అన్ని పాటలు అమ్మెటాయన
నా పాట అడుగడాయె,
అందరి గొంతు ఎరిగినాయన
నా గొంతు ఎరుగడాయె.

మాటలు కూడా బాగున్నాయి అనుకున్నాను. అప్పుడు ఆ గొంతు పాట మధ్యలో ఆగింది. దరువు ఆగలేదు. ఎవరో పిలిస్తే పలికినట్టు, పక్కకు తిరిగి అన్నట్టు వినిపించింది.

"ఆఁ, అత్తా, వస్తున్న."

కింద ఉన్న నూరుమందీ చేతులెత్తి ఒక్కసారే అన్నారు, "ఆఁ, అత్తా, వస్తున్న." పెండ్లికొడుకు కూడా బాసింగం పట్టుకుని అన్నాడు.

నా కాళ్ళ కింద ట్రాలీ పలకలు ఊగుతున్నాయి. ఆ మాట నేను రోజూ వినేదే. పద్దెనిమిదేళ్ళుగా అదే గొంతు, అదే దీర్ఘం. రెండు నెలల కింద ఆ రోజు డెక్కులో ఉన్నది దేవదాస్ క్యాసెట్టు కాదు. అనసూర్య పాడి, చెరపడం మరిచిపోయిన క్యాసెట్టు. తను పాడింది రికార్డు చేసుకుని విని, ఎవరూ వినకూడదని రోజూ చెరిపేసేదట, తర్వాత తెలిసింది. ఒక్క రోజు చెరపలేదు. ఆ ఒక్క రోజు సరుకును నేను వాల్యూమ్ కట్టేసి కాపీ కొట్టాను.

"ఎవలన్నా ఆమె?" లచ్చయ్య నా చెవి దగ్గర అరిచాడు. "ఊరూరికీ అడుగుతున్నరు. మొన్న కరీంనగర్ నాగయ్య వచ్చిండు. విన్నడు, ఒక కాపీ పట్టుకపోయిండు. శ్రీరాంపూర్ల ఎవలో పాడుతరంటె ఆదివారం పోవాల్సి ఉండెనట, ఇగ పోనన్నడు. గీ గొంతే కావాలె అన్నడు. రేపు పగటీలి ఈడికే వస్తుండు పేరు కోసం. ఒకామె అప్పుడే వచ్చి నేనే పాడిన అన్నది. నాకు నమ్మకం కుదురలే, కాని నాగయ్యకు వేరే తోవ లేదు. పేరు లేకుంటె గామెనే తీస్కపోయి మళ్ళ పాడిపిస్తడు. క్యాసెట్టు నీ దుకాణంల పుట్టింది గదా. నీకెరుక లేదా?"

మళ్ళీ ఆ నాలుగు వరుసలే వస్తున్నాయి. అన్ని పాటలు అమ్మెటాయన. కింద జనం ఎగురుతున్నారు. ఆ ఆయన ట్రాలీ మీద నిలబడి ఉన్నాడు. పేరు చెప్పడమంటే ఇద్దరి పేర్లూ చెప్పడమే. ఇక ఆసిఫాబాద్ నుంచి మంచిర్యాల దాకా ప్రతి లగ్గంలో నన్ను చూసి నవ్వుతారు. అది నా లెక్క. ఒక ఊపిరిలో వేసిన లెక్క.

"నాకెరుక లేదు లచ్చయ్యా," అన్నాను. "ఎవలో ఇచ్చి పోయిన్రు."

తిరుగు బస్సులో లచ్చయ్య ఇచ్చిన కాపీ క్యాసెట్టు చొక్కా జేబులో పెట్టుకుని కూర్చున్నాను. గొంతు లేని సైడు దొరకలేదు. గొంతు ఉన్నది దొరికింది. ఇంట్లో ఏది ముందు చెప్పాలో, ఏది అసలే చెప్పకూడదో రెబ్బెన నుంచి మంచిర్యాల దాకా తూకం వేశాను. ఎటు వేసినా నా వైపే తేలిపోయింది.

ఇల్లు చేరేసరికి పొద్దు వాలుతోంది. రెండో షిఫ్టువాళ్ళు ఎప్పుడో బాయిలో దిగిపోయారు, చౌరస్తా ఖాళీగా ఉంది. దేవదాస్ గడపలో కూర్చున్నాడు. అనసూర్య నా జేబు చూసింది.

"దొరికిందా?"

నన్నే అడిగింది, మధ్యలో అవ్వ లేకుండా. ఆ ఒక్క మాట కోసం నాలుగు రోజులు ఎదురుచూశాను. ఇప్పుడది మోయలేనంత బరువుగా ఉంది. జవాబు చెప్పకుండా దుకాణంలోకి పోయి డెక్కులో క్యాసెట్టు పెట్టాను. వాల్యూమ్ పెంచాను.

దరువు మొదలవగానే ఆమె మొహం విప్పారింది. దేవదాస్ లేచి వచ్చాడు. గొంతు మొదలవగానే ఆమె చెయ్యి బల్ల అంచు పట్టుకుంది. పాట మధ్యలో ఆ మాట వచ్చింది.

వెనుక గదిలోంచి అవ్వ కేక వేసింది. "నేను పిలువలే బిడ్డా."

దేవదాస్ నవ్వబోయి అక్కను చూసి ఆగిపోయాడు.

అప్పుడు నేనంతా చెప్పాను. హారను సంగతి, కాపీ సంగతి, ట్రాలీ కింద నూరుమంది సంగతి, నాగయ్య ఆదివారం రాడన్న సంగతి, వేరొకామె నేనే అని నిలబడ్డ సంగతి. ఆమె ఎక్కడా ఆపలేదు. ఇంతమంది ముందు తన గొంతు బయటపడిందని ఏడుస్తుందనుకున్నాను. పోట్లాటకు దిగుతుందేమోనని కూడా అనుకున్నాను. ఆమె అడిగింది వేరు.

"మంచిగున్నదన్నరా?"

"అందరు ఎగిరిన్రు. పెండ్లికొడుకుతో సహా."

"నీకు?"

"నాకు మంచిగనే అనిపిచ్చింది. ఎవలో అనుకున్న."

ఈ నిజం చెప్పకుండా ఉండాల్సింది. ఆమె మెల్లగా తలూపింది, ముందే తెలిసిన విషయం మళ్ళీ విన్నట్టు.

"మరి లచ్చయ్య అడిగితె నా పేరు చెప్పినవా?"

క్యాసెట్టు తిరుగుతూనే ఉంది. పాట అయిపోయింది, దరువు ఒక్కటే పోతోంది. అది ఎవరి కోసం ఆగదని ఆమే అంది కదా.

"అనసూర్యా, ఆ పాట నా మీద..."

"నా పేరు చెప్పినవా?"

"చెప్పలే."

ఆమె క్యాసెట్టు మొదటికి తిప్పింది. దరువు మొదలయ్యే ముందు ఉండే ఖాళీ దగ్గర ఆపి, బల్ల కింది మైకు తీసి తగిలించి, రికార్డు మీట నొక్కింది. ఆ మీట ఆమె అంత అలవాటుగా నొక్కడం నేను మొదటిసారి చూశాను.

"గీ పాట పాడింది అనసూర్య. శ్రీరాంపూర్."

అంతే. ఆపేసింది. క్యాసెట్టు బయటికి తీసి వెనుక గదిలోకి పోయి అవ్వ అడకత్తెర తెచ్చింది. వెనక అంచున ఉండే రెండు మూలలనూ ఒకదాని తర్వాత ఒకటి విరిచేసింది. ఆ మూలలు ఉన్నంతసేపే కొత్తగా రికార్డవుతుంది. తర్వాత డ్రాయరు తెరిచి, నేను కాగితాలు అతికించే జిగురు సీసా తీసి దేవదాస్ చేతిలో పెట్టింది. అవతల పారేయమంది.

పారేశాడు. నేను చూస్తూ నిలబడ్డాను.

మేమంతా వెనుక గదిలోకి వచ్చాం. అనసూర్య ట్రంకు పెట్టె తెరిచింది.

"అత్తా, రేప్పొద్దుగాల ఆరింటి బస్సుకు ఆసిఫాబాద్ పోతమని చెప్పు."

"ఆసిఫాబాద్ పోతరట కొడుకా."

నాగయ్య వచ్చేది మధ్యాహ్నం. ఆరింటి బస్సయితే పదిన్నరకల్లా అక్కడుంటారు. ఆ లెక్క సరిగ్గానే ఉంది. పేరు తెలియదన్న మనిషి నేనే. ఆ మాట వెనక్కి తీసుకోవాలంటే నా నోటితోనే, లచ్చయ్య ముందు, నాగయ్య ముందు తీసుకోవాలి. లేకపోతే నేనే పాడానని వచ్చినవాళ్ళలో ఈమె రెండో మనిషి అవుతుంది.

దేవదాస్ గడప దగ్గరికి పోయి చెప్పులు వెతుక్కుని దుమ్ము దులుపుతున్నాడు.

"ఎవలెవలు పోతున్నరో అడుగు అవ్వా," అన్నాను. "అక్క, తమ్ముడేనా? నేను గుడనా?"

అవ్వ కోడలి మొహం వైపు చూసింది. అనసూర్య పెట్టెలోంచి చీర తీసి మడత విప్పి వెలుతురుకు పట్టి చూసింది. అది బాగుందో లేదో తేల్చుకోవడానికి చాలాసేపు పట్టింది.

"అదేం చెప్తలేదు కొడుకా," అంది అవ్వ, నాకు చెవులు లేనట్టు.